ఏకాంబరించు (క్రియ)

కొండితోపులో మా నాన్న పనిచేసిన ప్రెస్సులో
ఒక క్రియ ఉండేది.
ఏ నిఘంటువూ దాన్ని ఎక్కించుకోలేదు.
ఏకాంబరించు.

వాడుక ఇలా:
"రెండో పేజీలో మూడు లైన్లు ఏకాంబరించాలోయ్,
బ్లాకు పట్టడం లేదు."
"ఇవాళ సాంబారులో ఉప్పు ఏకాంబరించినట్టున్నావే."
ఇది నాన్న అమ్మతో, కంచం ముందు,
వినపడీ వినపడనంత మెల్లగా.

ఏకాంబరం గారు కవి.
పెళ్లిపత్రికలకీ లుంగీల కొట్టు క్యాలెండర్లకీ మధ్య
ఆయన కవిత ఒకటి ఎప్పుడూ అచ్చుకి కాచుక్కూచునేది.
వచ్చేటప్పుడు ముప్ఫై పాదాలు.
ప్రూఫు చూసినప్పుడల్లా ఒకటి కొట్టేసేవారు.
చేర్చింది ఎన్నడూ లేదు.
కొట్టేసిన పాదాన్ని నాన్న విప్పి
ఆ సీసపు అక్షరాల్ని, తలకిందులుగా ఉన్నవాటిని,
ఒక్కొక్కటే గళ్లపెట్టెలో దేని గూట్లోకి దాన్ని చేరవేసేవాడు.
ఆరు నెలలకి నాలుగు పాదాలు మిగిలేవి.
అప్పటికి కాగితం ధర పెరిగేది.

ఓనరు షణ్ముగ మొదలియారుకి తెలుగు రాదు.
ఆ మాట మాత్రం మాకన్నా ఎక్కువ వాడేవాడు,
"కూలియిల ఏకాంబరం పణ్ణాదీంగ సార్" అని
కుర్రాళ్లు ఒక శనివారం దాన్ని ఆయన మీదికే తిప్పేదాకా.

నామవాచకాలూ పుట్టాయి.
ఏకాంబరం లెక్క:
టీకొట్టు నాయరు అడగనిదీ, కొట్టెయ్యనిదీ అయిన బాకీ.
ఏకాంబరపు తడి:
రాత్రి ఉతికి పొద్దున్నే తొడిగిన చొక్కాకి
కాలరు దగ్గర మిగిలేది.
తుఫాను రోజుల్లో మా యూనిఫాంలకీ పట్టేది.

బళ్లో అయ్యవారు సంధి విడదీశారు.
ఏక, అంబరం. ఒకే బట్ట.
అంబరమంటే ఆకాశం కూడా, అన్నారు.
చెయ్యెత్తాను.
"బట్ట ఒకటే, నిజమే సార్.
ఆకాశం సంగతి మా నాన్ననడగాలి."
బెంచీ ఎక్కించారు.
కంచిలో ఆ పేరుకి మామిడిచెట్టని అర్థమట,
చాలా తర్వాత తెలిసింది.
చెట్టైతే బాగుండేది ఆయన.

ఎదురుగా ఎవరం అనేవాళ్లం కాదు ఆ మాట.
ఆడి తళ్లుబడి నోటీసుల హడావుడిలో
ఒక మధ్యాహ్నం ఆయనే
ప్రూఫు మీద వేలు పెట్టి,
"ఈ చివరి పాదం ఏకాంబరించండి నాయనా" అన్నారు.

ట్రెడిల్ ఆగలేదు.
నాన్న చేతిలో స్టిక్కు ఆగింది.
ఆయన నవ్వలేదు, కోపగించుకోలేదు.
కాలరు సర్దుకుని మెట్లు దిగిపోయారు.
ఎన్నాళ్ల నుంచి తెలుసో.

నిన్న తొరైపాక్కంలో మా అంతస్తులో
పదకొండు మందిని తీసేశారు.
పక్క సీటు హిమజ, నా దగ్గరే ఆ మాట నేర్చిన పిల్ల,
నీళ్లసీసా, డబ్బాలో మిగిలిన చపాతీ సర్దుకుంటూ
"అక్కా, నన్ను ఏకాంబరించారు" అంది.
వ్యాకరణం సరిగ్గానే ఉంది.
కర్త లేడు, కర్మ ఉంది, భూతకాలం.
తప్పెక్కడో చెప్పలేక
ఆమె కార్డు తాడు చుట్టి చేతికిచ్చాను.

ఇంటికొచ్చి నాన్నకి చెప్పాను.
చెవి మందగించింది, రెండుసార్లు చెప్పాల్సొచ్చింది.
"తప్పు వాడుక" అన్నాడు.
"గూటికి చేర్చితేనే కదమ్మా ఆ మాట.
ఆ పిల్లని ఏ గూట్లో పెట్టారు?"

గళ్లపెట్టె తూకానికమ్మేసి ఇరవై ఏళ్లు.
అడిగి ఊరుకున్నాడు గానీ
బొటనవేలూ చూపుడువేలూ
చాలా చిన్నదాన్ని దేన్నో పట్టుకుని
గాల్లో దాని చోటు వెతుకుతున్నాయి.